నూట ఇరవై ఎనిమిదని చెప్పిన ఎనిమిది

కథ మొదలయ్యేసరికి తూకమయ్య చేతిలో ఉన్నవి ఇవీ: చెప్పులు పట్టేంత అట్టపెట్టె నిండా పెన్ డ్రైవులు, బజారులో నికరమైన పేరు, ఇంట్లో తన మాట నమ్మే భార్య, నమ్మకపోయినా నమ్మినట్టు తలూపే అత్తగారు. ఆ తలూపుడును ఆస్తి కింద రాసుకోవాలో అప్పు కింద రాసుకోవాలో పెళ్లయిన నాటి నుంచీ అతనికి తేలలేదు.

కన్నవాళ్లు పెట్టిన పేరు వేరే ఉన్నా, బజారంతా అతన్ని తూకమయ్య అనే పిలిచేది. తండ్రిది ఇత్తడి సామాన్ల కొట్టు. గిన్నెనైనా పళ్లేన్నైనా ఎడమ అరచేతిలో ఒకసారి పైకీ కిందికీ ఆడిస్తే అది గట్టి సరుకో రేకు సరుకో ఆయనకు తెలిసిపోయేది. కొడుకు ఆ కొట్టునే ఫోన్ సామాన్ల కొట్టుగా మార్చాడు. గిన్నెలు పోయి ఛార్జర్లు వచ్చాయి, పళ్లేలు పోయి ఇయర్‌ఫోన్లు వచ్చాయి. అరచెయ్యి మాత్రం తండ్రి నుంచి వచ్చిందే. బరువుంటే సరుకు, లేకపోతే నురగ. ఈ సూత్రం మీద అతను ఇన్నేళ్లు నష్టపోకుండా బతికాడు.

ఈ పెన్ డ్రైవుల పెట్టెను కూడా అలాగే కొన్నాడు. అమ్మినవాడు ఊరూరూ తిరిగే టోకు మనిషి. ఒక్కోదాని మీదా నూట ఇరవై ఎనిమిది జీబీ అని వెండి అక్షరాలు. తూకమయ్య ఒకటి తీసి అరచేతిలో ఆడించాడు. మామూలు వాటికి రెండింతల బరువుంది. మారు మాట్లాడకుండా పెట్టె మొత్తం తీసుకున్నాడు. కొట్టుకు తెచ్చాక ఒకదాంట్లో పాట ఎక్కించి చూశాడు. పాట పాడింది. పాట పాడిన దానికి ఇంకో పరీక్ష ఎందుకు?

మొదటిది అమ్మకానికి పెట్టకుండా అత్తగారికి కానుకగా ఇచ్చాడు. అందులో లెక్క ఉంది. ఆవిడ మొన్నటిదాకా కుట్టు నేర్పే బడిలో టీచరు. వయసు దాటిందని వాళ్లు పూలగుత్తి చేతిలో పెట్టి ఇంటికి పంపారు. ఆనాటి నుంచి ఇంట్లో ఏ గుడ్డకూ నిలకడ లేదు. కర్టెన్లు విప్పి మళ్లీ కుట్టింది. దిండు గలీబులు విప్పి మళ్లీ కుట్టింది. ఒకరోజు అల్లుడు చొక్కా వేసుకుని ఉండగానే కాలరు విప్పబోయింది. ఆవిడకు పని దొరికితే తప్ప ఇంట్లో గుడ్డలు బతకవని అందరికీ అర్థమైంది.

దేవుడు చల్లగా చూసి, నాలుగు వీధుల అవతల ఒక కుట్టు కేంద్రం తెరుస్తున్నారు. దాని పెద్దావిడ అత్తగారితో, "మీ పాఠాలు వీడియోలు తీసి తెండి. శుక్రవారం అందరం కూర్చుని చూస్తాం. నచ్చితే క్లాసులు మీవే," అంది. అత్తగారు ఫోనును దారపు ఉండలకు ఆనించి, గోడకేసి చూస్తూ పాఠాలు చెప్పడం మొదలుపెట్టింది. కొన్నాళ్లకు ఫోను నిండిపోయింది. సరిగ్గా అప్పుడే అల్లుడు కానుక తెచ్చాడు.

"తీసిన పాఠం తీసినట్టు ఇందులో ఎక్కించండి అత్తయ్యగారూ. ఫోన్లోంచి తీసెయ్యండి. చెత్తబుట్ట కూడా ఖాళీ చెయ్యండి, ఫోను తేలికవుతుంది. మీ పాఠాలేమిటి, మీరు పుట్టినప్పటి నుంచీ తీసినా ఇందులో ఇంకా చోటు మిగులుతుంది."

అత్తగారు తలూపింది. ఈసారి పొరపాటున నిజంగానే నమ్మింది.

బుధవారం పొద్దున్నే ఆవిడ కొట్టుకు వచ్చింది. పెన్ డ్రైవు తోకకున్న బెజ్జంలో, తనదని గుర్తుగా, పసుపు దారం ముడివేసి ఉంది.

"అల్లుడుగారూ," అంది. ఆవిడ నోట 'గారు' సూదిలాంటిది. మర్యాద పెరిగేకొద్దీ లోపలికి దిగుతుంది. "మీరిచ్చిన దానికి కడుపు పెద్దదన్నారు. నిజమేనండీ. నా పాఠాలు మింగి, త్రేన్పు కూడా లేకుండా కూర్చుంది."

"ఏమైంది అత్తయ్యగారూ?"

"సూదిలో దారం ఎక్కించడం వస్తోంది. మిషనుకు నూనె వెయ్యడం వస్తోంది. నిలువు కుట్టు వస్తోంది. జేబు పాఠం దగ్గర నుంచి చూడండి. పేరుంది, సైజుంది, తెర మీద నేను లేను."

"మీ ఫోనులో ఏదో..."

"అవునండీ, నా ఫోనుదే తప్పు. మీ మాట విని చెత్తబుట్ట ఖాళీ చేసింది."

కొట్టు వెనక భాగంలో ఒక బల్ల వేసుకుని కంప్యూటర్లు బాగుచేసే బావమరిది అప్పుడే తల ఎత్తాడు. అతను ఆవిడ కొడుకే. కాబట్టి నవ్వు ఎటు నవ్వినా నష్టం లేనివాడు. పెన్ డ్రైవు తీసుకుని తన కంప్యూటరుకు పెట్టి, కాసేపు చూసి, బయటికి లాగి బావకు ఇచ్చాడు.

"ఇది జాగ్రత్తగా పక్కన పెట్టు బావా. ఉన్న మూడు పాఠాలైనా తర్వాత తీసి దాచుకోవాలి. నాకేదో అనుమానంగా ఉంది."

సరిగ్గా ఆ క్షణాన ఒక గిరాకీ వచ్చి ఫోను మీద గాజు అంటించమని తొందరపెట్టాడు. గాజు అంటించాలంటే రెండు చేతులూ ఖాళీగా ఉండాలి. తూకమయ్య కొట్టులో ఒక నియమం ఉంది: వెనక్కి వచ్చిన సరుకు కొత్తగా కనిపించేలా చేసి పెట్టెలో వేసెయ్యాలి. ఎన్నో ఏళ్లుగా చేతులు మనిషిని అడక్కుండానే ఆ పని చేస్తున్నాయి. ఇప్పుడూ చేశాయి. పసుపు దారాన్ని పంటితో పుటుక్కున తెంపి, పెన్ డ్రైవును చొక్కాకేసి తుడిచి, పెట్టెలో పైన వేసి, గాజు అంటించడంలో పడ్డాడు. అత్తగారు అటు తిరిగి కొడుకును 'జుట్టు ఎప్పుడు కత్తిరించుకుంటావురా' అని నిలదీస్తోంది. ఎవరూ చూడలేదు.

గిరాకీ వెళ్లాక బావమరిది చెయ్యి చాపాడు. "పెట్టెలోంచి ఒకటి ఇవ్వు, విప్పి చూద్దాం."

తూకమయ్య పైనున్నది తీసి ఇచ్చాడు.

బావమరిది బ్లేడుతో అంచు వెంట గీసి పైతొడుగు ఊడదీశాడు. లోపల గోరంత పలక, దాని మీద చిన్న నల్లటి చిప్పు. పక్కనే, జిగురుతో అంటించిన ఇనుప ముక్క ఒకటి టప్పున బల్ల మీద పడింది.

"ఇదిగో బావా నీ సరుకు," అని ఆ ముక్కను తీసి బావ అరచేతిలో పెట్టాడు. "ఆడించి చూడు. గట్టిదే."

తూకమయ్య దాన్ని ఆడించలేదు. తన అరచేతి సంగతి ఎవరో పరాయి ఊళ్లో కూర్చుని కనిపెట్టి, దాని కోసమే ప్రత్యేకంగా ఇనుము కోయించారని అతనికి అనిపించింది. దొంగ మీద కోపంతో పాటు కాస్త గౌరవం కూడా కలిగింది.

"పైన పటారం, లోన లొటారం," అంది అత్తగారు. "ఇంతకీ నా జేబు పాఠం ఏదిరా?"

"అమ్మా, ఇది ఎనిమిది గదుల సత్రం. బయట బోర్డు మీద నూట ఇరవై ఎనిమిది గదులని రాయించారు. ఎనిమిది మంది వచ్చేదాకా ఏ గొడవా లేదు, హాయిగా పడుకుంటారు. తొమ్మిదోవాడు వచ్చినా గుమాస్తా కాదనడు. పేరు రాసుకుంటాడు, తాళంచెవి కూడా ఇస్తాడు. తలుపు తీస్తే అవతల వీధి."

"అంటే నా జేబు వీధిలో పడుకుందా?"

"జేబూ, కాలరూ, కాజాలూ అన్నీ. ఎక్కాక పోయినవైతే ఎలాగోలా వెతికి తియ్యొచ్చు. ఇవి అసలు ఎక్కనే లేదు."

అత్తగారు కళ్లజోడు తీసి కొంగుతో తుడుచుకుంది. తూకమయ్య గొంతు సవరించుకున్నాడు.

"మరి మిగతా పెట్టె సంగతేమిట్రా? టోకువాడు ఈపాటికి ఏ ఊళ్లో ఉన్నాడో. వాడు నాకు అంటగట్టినట్టే నేనూ..." అని అత్తగారి వైపు చూశాడు. "...ఎవరికీ అంటగట్టనని చెబుతున్నా."

"బాగు చెయ్యొచ్చు," అన్నాడు బావమరిది. "గుమాస్తా బుర్రలో ఏం రాసి ఉందో దాన్నే ఫర్మ్‌వేర్ అంటారు. ఈ చిప్పు చేసినవాళ్లు ఫ్యాక్టరీలో వాడే ప్రోగ్రాం ఒకటుంటుంది. అది సత్రంలోకి దూరి, గది గదీ తట్టి, నిజంగా ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టి, ఇక నుంచి అన్నే చెప్పమని గుమాస్తాకు రాసిపెడుతుంది. కాకపోతే ముందు సత్రం మొత్తం ఖాళీ చేయిస్తుంది. లోపల ఉన్నది ఏదీ మిగలదు."

"అంటే నువ్వు కష్టపడి నూట ఇరవై ఎనిమిదిని ఎనిమిది చేస్తావు. దీన్ని రిపేరంటారా? మా నాన్న చిల్లు గిన్నెకు మాటు వేస్తే గిన్నె చిన్నదయ్యేది కాదురా."

"ఇది చిల్లు గిన్నె కాదు బావా, గిన్నె బొమ్మ."

విప్పి ఉన్న దానితోనే ప్రయోగం మొదలైంది. బావమరిది చిప్పు ఏ వంశానిదో ఒక చిన్న ప్రోగ్రాంతో చదివించి, ఆ వంశానికి సరిపోయే ఫ్యాక్టరీ ప్రోగ్రాం వెతికి తెచ్చాడు. అది రెండు రకాలుంది, పాతదీ కొత్తదీ. కొత్తది మంచిదనుకుని దాన్ని నడిపాడు. పెన్ డ్రైవు మీది చిన్న దీపం రెండుసార్లు కొట్టుకుని ఆరిపోయింది. తర్వాత తీసి పెట్టినా, తిప్పి పెట్టినా, కంప్యూటరు దాన్ని గుర్తుపట్టనే లేదు.

"చచ్చిందా?" అన్నాడు తూకమయ్య.

"మూర్ఛపోయింది. మందుంది. చిప్పుకున్న ఈ రెండు కాళ్లనీ ఇనుముతో కలిపి పట్టుకుని కంప్యూటరుకు పెట్టాలి. అప్పుడు అది పాతదంతా మర్చిపోయి, పుట్టినప్పటి బుర్రతో లేస్తుంది. సన్నటిది ఏదైనా కావాలి."

అత్తగారు భుజం దగ్గర గుచ్చి ఉంచుకునే సూదిని తీసి ఇచ్చింది. బావమరిది దాన్ని పట్టుకున్నాడు. కాళ్లు వెంట్రుకలంత దగ్గరగా ఉన్నాయి. సూది ఒకసారి జారింది, మళ్లీ జారింది. మూడోసారి పక్క కాలు మీద పడబోయింది.

"ఇలా తేరా," అంది ఆవిడ. "రెండు పోగుల మధ్య సూది నిలపడానికి ఇంత చెమటా? పొద్దున్నే ఏమీ తినలేదా?"

కళ్లజోడు ముక్కు చివరికి జరుపుకుని, మోచెయ్యి బల్లకు ఆనించి, సూదిమొనను ఆ రెండు కాళ్ల మీద పెట్టింది. చెయ్యి బొమ్మ చెయ్యిలా నిలబడిపోయింది. కొడుకు మెల్లగా పలకను కంప్యూటరుకు తోశాడు. దీపం వెలిగింది.

"తియ్యమ్మా, లేచింది!"

"లేవదూ మరి! నేను లేపితే నువ్వే లేచేవాడివి."

ఈసారి పాత రకం ప్రోగ్రాం నడిపారు. అది చాలాసేపు గదులు తట్టింది. చివరికి తెర మీద పచ్చరంగులో అంకె వచ్చింది. ఎనిమిదికి కాస్త తక్కువ. బావమరిది నిండుగా ఒక సినిమా ఎక్కించి, వెనక్కి తీసి, రెండూ పోల్చి చూశాడు. పొల్లు పోలేదు. ఆ ఉత్సాహంలో ఇంకో రెండు మూడు కూడా బాగుచేశాడు. వాటిని సూదితో లేపాల్సిన అవసరం రాలేదు. అత్తగారు ఆ సూదిని, ఓ యుద్ధం గెలిచి వచ్చిన కత్తిలా, తిరిగి భుజానికి గుచ్చుకుంది.

"సరే. ఇప్పుడు నాది తియ్యండి అల్లుడుగారూ. ఉన్న మూడు పాఠాలైనా దాచుకుంటాను. ఆ మూడైనా చూపించి, మిగతావి నోటితో చెప్పుకుంటాను."

తూకమయ్య చెయ్యి అలవాటుగా పక్కనున్న అలమారా వైపు వెళ్లింది. అక్కడ ఏమీ లేదు. ఆ తర్వాత చొక్కా జేబులోకి వెళ్లింది. అక్కడా లేదు. అప్పుడు గాజు బల్ల మీద, ఫోను గాజుల డబ్బా పక్కన, పసుపు దారపు ముక్క ఒకటి కనిపించింది.

"బావా?" అన్నాడు బావమరిది.

"పెట్టెలో ఉందిరా. ఎక్కడికి పోతుంది?"

పెట్టెలో ఉన్నవన్నీ ఒక్కొక్కటిగా కంప్యూటరుకు పెట్టి చూశారు. అన్నీ కొత్త ఇంటిలా ఖాళీగా ఉన్నాయి. మధ్యలో తూకమయ్య భార్య అన్నం డబ్బా పట్టుకుని వచ్చి, ముగ్గురి ముఖాలూ చూసి, "ఎవరికేమైందండీ?" అంది. బావమరిది ఇంకోటి తీసి పెట్టాడు. చివరిది కూడా ఖాళీగా తేలేసరికి తూకమయ్యకు లెక్క తెలిసింది. వ్యాపారంలో ఆఖరున వేసిన సరుకే ముందు బయటికి వస్తుంది.

"పైన పెట్టాను," అన్నాడు. "పైనదే నీకిచ్చాను."

అందరూ బల్ల మీద విప్పి ఉన్న ఆ పలక వైపు చూశారు. తర్వాత అత్తగారి భుజానికున్న సూది వైపు చూశారు.

"అంటే," అంది ఆవిడ నెమ్మదిగా, "నా పాఠాలు నా సూదితో నేనే ఊడబీకానన్నమాట. పోనీలెండి. వేసిన కుట్టు విప్పుకోవడం నాకు కొత్తేమీ కాదు."

బావమరిది నవ్వబోయి ఆగాడు. ఆవిడ నవ్వడం లేదు. స్టూలు మీద కూర్చుని, చేతులు ఒళ్లో పెట్టుకుంది. "ఎల్లుండే శుక్రవారం. వాళ్లకి ఏం చూపించను నాన్నా?" అంది. అది కొడుకుతో అన్నదో అల్లుడితో అన్నదో తెలియలేదు. అందులో 'గారు' లేదు.

తూకమయ్య మనసులోనే లెక్క వేసుకున్నాడు. క్షమించమనడం చవక, ఎవరైనా అంటారు. దానికి బరువు లేదు. తన దగ్గర నిజంగా ఉన్నదేమిటి? ఒక కొట్టు, అందులో మంచి దీపాలు, మిషను తొక్కడానికి పనికొచ్చే, పనిలేని రెండు కాళ్లు.

"మిషను ఇక్కడికి తెప్పిస్తాను అత్తయ్యగారూ. మళ్లీ తీద్దాం. గిరాకీల్ని మీ అమ్మాయి చూసుకుంటుంది. వీడు ఫోను పట్టుకుంటాడు."

"ఎవరికి చెప్పను? గోడకి చెప్పీ చెప్పీ నా మాట నాకే బోరు కొట్టింది."

"నాకు చెప్పండి."

"మీకా?" ఆవిడ కళ్లజోడు తీసి అతన్ని చూసింది. "మీరు మిషను ముందు కూర్చుంటే అది ఎంత బరువుందో చూస్తారు."

"చూడనండీ. పట్టుకోమన్నదే పట్టుకుంటాను."

ఆ మధ్యాహ్నం నుంచే పని మొదలైంది. సూదిలో దారం ఎక్కించడానికే తూకమయ్యకు ఒక పాఠమంత సేపు పట్టింది. దారం కొసను నాలుకతో తడపమంటే వేలు తడిపాడు. సూది గుచ్చుకుంది. బావమరిది అదంతా ఫోనులో వీడియో తీశాడు. ఆ తర్వాత అల్లుడు ప్రశ్నలు మొదలుపెట్టాడు. వ్యాపారి కదా, ప్రతి అంగుళానికీ సంజాయిషీ కావాలి.

"ఈ అంచు లోపలికి ఎందుకు మడవాలి? కనపడని చోట అంత గుడ్డ దండుగ కదా?"

"కనపడని గుడ్డే కనపడే గుడ్డను నిలబెడుతుంది. దాన్ని మిగిల్చారో, రెండు ఉతుకులకే మీ కుట్టు నోరు తెరుస్తుంది."

గోడకు చెప్పినప్పుడు ఆవిడకు ఈ మాట రాలేదు. గోడ అడగలేదు కాబట్టి.

జేబు పాఠం దగ్గర అసలు సంగతి జరిగింది. ఆవిడ చూపించింది చూపించినట్టు అల్లుడు శ్రద్ధగా, నాలుక బయటపెట్టి మరీ కుట్టాడు. మిషను ఆపి గర్వంగా పైకెత్తి చూపించాడు. నాలుగు వైపులా కుట్టేశాడు.

"ఇందులో చెయ్యి ఎటునుంచి పెడతారు?" అంది అత్తగారు.

తూకమయ్య దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు. "ఏదీ కింద పడదు కదా అత్తయ్యగారూ!"

"ఇదేనమ్మా మా అల్లుడి జేబు," అని ఆవిడ నేరుగా ఫోనుకేసి చూసి చెప్పింది. "లోపలికి పోయేదీ లేదు, బయటికి వచ్చేదీ లేదు. మీరు మాత్రం పై వైపు వదిలి కుట్టండి."

నవ్వు ఆపుకోలేని బావమరిది చేతిలో ఫోను గడగడ వణికింది. బల్ల అవతల బిల్లు రాస్తున్న కూతురు మూతికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. బిల్లు కోసం నిలబడిన గిరాకీ అయితే నేరుగానే నవ్వేశాడు. "ఇది తీసెయ్యనా?" అన్నాడు బావమరిది. "ఎందుకు? ఉంచు," అంది అత్తగారు.

ప్రతి పాఠాన్నీ బాగుచేసిన పెన్ డ్రైవుల్లో ఎక్కించారు. ఒక్కోటీ మొదటి నుంచి చివరిదాకా ఆడించి చూశాకే ఆవిడ ఫోన్లోంచి తీయనిచ్చింది. అది కూడా కొడుకు కంప్యూటరులో ఇంకో ప్రతి ఉందని కళ్లతో చూశాక. ఒకటి నిండితే రెండోది తీశారు. ఎనిమిదని చెప్పినవి చెప్పినంతా పట్టాయి.

శుక్రవారం తల్లీ కూతుళ్లు కుట్టు కేంద్రానికి వెళ్లారు. తూకమయ్య కొట్టులో కూర్చుని, బావమరిది బాగుచేసి ఇస్తున్న పెన్ డ్రైవుల మీద 'ఎనిమిది' అని కాగితం ముక్కలు అంటిస్తున్నాడు. ఒక గిరాకీ కాగితం అంచు గోకి, "కింద నూట ఇరవై ఎనిమిది అని ఉందేమిటి?" అని అడిగాడు.

"అది దాని కోరికండీ. నేను అంటించింది దాని నిజం. నిజం ధరకే ఇస్తున్నా."

గిరాకీ ఒకటి కొనబోయి రెండు కొన్నాడు. తూకమయ్యకు అది లెక్కకు అందని విషయం. అయినా అతని చూపంతా వీధి మలుపు మీదే ఉంది. మధ్యాహ్నం దాటినా ఎవరూ రాలేదు. వాళ్లకు నచ్చకపోతే ఆవిడ ఏమీ అనదు, నవ్వుతూనే ఇంటికి వెళ్లి ఏదో ఒక కుట్టు విప్పుకుంటూ కూర్చుంటుంది. ఆ ఊహ అతనికి పెట్టెడు నష్టం కన్నా ఎక్కువ బరువనిపించింది.

చివరికి మలుపులో ఇద్దరూ కనిపించారు. ముందు భార్య ముఖం కనిపించింది. దాన్ని చూసి అతను జిగురు సీసా మూత పెట్టాడు.

"ఏమన్నారు అత్తయ్యగారూ?"

"ఏమంటారు! క్లాసులు నావే అన్నారు." ఆవిడ స్టూలు లాక్కుని కూర్చుంది. "సోమవారం నుంచి. మూడు పాఠాలు చూసి ఆపేస్తామన్నవాళ్లు అన్నీ చూశారు. జేబు పాఠం రెండుసార్లు వేయించుకున్నారు."

"చెప్పమ్మా, షరతు కూడా చెప్పు," అంది కూతురు.

"షరతేమిటి?" అన్నాడు తూకమయ్య.

"ఆ పెద్దావిడ అంది కదా, 'మేడమ్, ఆ మొద్దబ్బాయి ఎవరో గానీ అతన్ని మాన్పించకండి. కొత్తగా నేర్చుకునేవాళ్లు చేసే తప్పులన్నీ అతనొక్కడే చేసేస్తున్నాడు. అతన్ని చూస్తే మా వాళ్లకు ధైర్యం వస్తుంది,' అని. సరేనన్నాను."

"నన్ను అడక్కుండానే?"

"మీరు నా పాఠాలు నన్నడిగే తుడిచారా?"

బావమరిది కంప్యూటరు వెనక్కి తల దాచుకున్నాడు. తూకమయ్య బేరం ఆడటానికి నోరు తెరిచి, అవతలివైపు కూర్చున్నది ఎవరో గుర్తొచ్చి మూసుకున్నాడు.

ఆ తర్వాతి నెలకు అంతా తేటపడింది. ఆ పెట్టె మీద లాభం రాలేదు, పెట్టుబడి కూడా పూర్తిగా తిరిగి రాలేదు. అయితే కొట్టులో చెప్పిన కొలతే పెట్టెలో ఉంటుందన్న మాట నాలుగు వీధులు తిరిగింది. నకిలీ పెన్ డ్రైవులు పట్టుకుని వేరే బజార్ల నుంచి కూడా జనం బావమరిది బల్ల దగ్గరికి రావడం మొదలుపెట్టారు. ఏదైనా మూర్ఛపోతే వాళ్లమ్మకు కబురు పంపుతున్నాడు. అత్తగారికి వారమంతా క్లాసులు, చుట్టూ శిష్యురాళ్లు. తూకమయ్య వంతుకు వచ్చింది మొదటి వరసలో ఒక కుర్చీ. జీతం లేదు, సెలవు లేదు, తప్పు చెయ్యకుండా ఉండే వీలు అసలే లేదు.